కడుపులో కిరికిరి: జపాన్‌లో ఆకలి, కడుపు నొప్పి, అజీర్ణం గురించి ఎలా చెప్పాలి?

జపాన్ వచ్చిన మొదటి ఏడాది ఒకసారి నాలుగు రోజులు కడుపు నొప్పి తగ్గలేదు. ఇంటి దగ్గర చిన్న క్లినిక్ ఉంటే వెళ్ళాను. వెళ్ళేముందు ఫోన్‌లో చూసుకుని "ఒనక గ ఇతై దెసు", అంటే కడుపు నొప్పిగా ఉంది, అని పదిసార్లు బట్టీపట్టాను. డాక్టరుగారు శ్రద్ధగా విని, తలూపి, "దొన్న ఇతమి దెసు క?" అన్నారు. ఎలాంటి నొప్పి అని. నా దగ్గర రెండో వాక్యం లేదు. మళ్ళీ "ఇతై" అనే అన్నాను, ఈసారి కొంచెం గట్టిగా. ఆయన పాపం కుర్చీ ముందుకు జరుపుకుని "షికుషికు? కిరికిరి?" అంటూ అభినయించి చూపించారు, మొదటిదానికి అరచేత్తో పొట్ట మీద మెల్లగా రాసుకుంటూ, రెండోదానికి చూపుడువేలితో గుచ్చి తిప్పుతూ. హైదరాబాద్‌లో పెరిగినవాళ్ళకి కిరికిరి అంటే ఒకటే, ఇంటి ఓనరుతోనో ఆటో అతనితోనో పెట్టుకునే పంచాయితీ. నవ్వొచ్చేసింది. నవ్వితే కడుపు ఇంకా నొచ్చింది.

ఇప్పుడు కొత్తగా వచ్చినవాళ్ళు అడిగితే నేను చెప్పేది ఒక్కటే. తెలుగులో అనుకుని, దాన్ని ఇంగ్లీషులోకి మార్చుకుని, అక్కడ్నుంచి జపనీస్‌లోకి తీసుకెళ్ళకండి. మధ్యలో ఆ ఇంగ్లీషు మజిలీలోనే సగం సరుకు దిగిపోతుంది. గుడగుడ, చుర్రు, పోటు, సలుపు, దేవినట్టు ఉండటం, పులితేన్పులు, ఇవన్నీ అక్కడ నొప్పి, గ్యాస్, అసిడిటీ అనే మూడు ముక్కలైపోతాయి. జపనీస్ వాళ్ళకి మనలాగే జంట శబ్దాల మాటలు బోలెడు. వాక్యంలో పదాల వరస కూడా మనదే. తెలుగు నుంచి నేరుగా దూకేయొచ్చు.

రాతకీ మనకి ఇంకో లాభం ఉంది. ఒ, ఓ, ఎ, ఏ తేడాలు జపనీస్‌లో అర్థాన్నే మార్చేస్తాయి, మన లిపిలో ఆ నాలుగూ విడివిడిగా ఉన్నాయి. కింద రాసినవి రాసినట్టే చదవండి. హ్రస్వాన్ని సాగదీయకండి, దీర్ఘాన్ని మింగకండి. "దెసు", "మసు" చివర్లో ఉన్న ఉకారం మాత్రం సగమే వినిపిస్తుంది, దెస్, మస్ అన్నట్టు.

1. ముందు ఏ కడుపో తేల్చుకోండి

మనకి కడుపు, పొట్ట, బొజ్జ, ఉదరం, జీర్ణాశయం ఉన్నట్టే వాళ్ళకీ మూడు నాలుగు మాటలున్నాయి, ఒకదాని చోట ఒకటి వేస్తే తేడా కొడుతుంది.

రోజూ అందరూ అనేది "ఒనక". చిన్నపిల్లలూ, పెద్దవాళ్ళూ, డాక్టర్లూ అందరూ అంటారు. ఇందులో ముందున్న ఒ గౌరవానికి తగిలించింది, నక అంటే లోపల, మధ్య. ఒకప్పుడు రాజభవనంలో పనిచేసే ఆడవాళ్ళు శరీరం గురించీ తిండి గురించీ నేరుగా అనడం మొరటుగా ఉంటుందని చాటుమాటలు కల్పించుకున్నారు, అందులో ఇదొకటి. ఆ నాజూకు మాట మెల్లగా ఊరందరిదీ అయింది.

"హర" అచ్చ జపనీస్ మాట, కొంచెం మోటు. మగవాళ్ళు స్నేహితుల మధ్య వాడతారు. సామెతల్లో, జాతీయాల్లో కూడా ఎక్కువగా ఇదే వస్తుంది. "ఇ" అంటే జీర్ణాశయం, లోపలి సంచి ఒక్కటే. ఒక్క అక్షరం! "చో" అంటే పేగులు. ఈ రెండూ తెలిస్తే మందుల షాపులో సగం డబ్బాల పేర్లు వాటంతటవే విడిపోతాయి. "ఇచోయకు" అని ఉంటే ఇ, చో, యకు, అంటే జీర్ణాశయం, పేగులు, మందు.

మనం మాట్లాడేటప్పుడు కడుపు అని, పుస్తకంలో ఉదరం అని రాసుకుంటాం కదా, వాళ్ళకీ అదే పద్ధతి. హర అనే అక్షరమే చైనా నుంచి వచ్చిన సమాసాల్లో "ఫుకు" అయిపోతుంది. "ఫుకుత్సూ" అంటే ఉదరశూల లాంటి మాట. నోటితో ఎవరూ పెద్దగా అనరు, క్లినిక్‌లో ఇచ్చే ఫారం మీద మాత్రం ఇదే ఉంటుంది.

ఇక చోటు. బొడ్డు "హెసొ". పొత్తికడుపు "షితబర" (షిత అంటే కింద, హర కాస్తా బర అయింది). డొక్క "వకిబర". రొమ్ము ఎముక కింద మెత్తగా ఉండే గుంట "మిజొఒచి", మనవాళ్ళు గ్యాస్ పట్టేసిందంటూ చెయ్యి పెట్టుకునేది సరిగ్గా అక్కడే. ఇవేవీ గుర్తు రాకపోతే వేలు పెట్టి చూపించి "కొకొ" అనండి, ఇక్కడ అని.

మన ఆడవాళ్ళకి ఒక మాట. తెలుగులో కడుపుతో ఉంది అన్నట్టే జపనీస్‌లోనూ "ఒనక గ ఓకీ", కడుపు పెద్దగా ఉంది, అంటే గర్భవతి అని. "ఒనక నొ కొ" అంటే కడుపులోని బిడ్డ. బాగా తిని కడుపుబ్బరంగా ఉందని చెప్పబోయి ఓకీ అన్నారంటే ఆఫీసులో అభినందనలు మొదలవుతాయి.

2. ఆకలిని ఆకలిగానే చెప్పండి, కానీ ఎవరి ముందో చూసుకోండి

"ఒనక గ సుఇత." ఆకలేస్తోంది. మాటకి మాట చూస్తే కడుపు ఖాళీ అయింది. "వేస్తోంది" లాగా జరుగుతున్నట్టు కాకుండా అయిపోయినట్టు చెబుతారు, ఇక్కడ చాలామంది తడబడతారు. ఖాళీ ఎప్పుడో అయింది, ఇప్పుడు నేను చెబుతున్నాను, అంతే. రైల్లో జనం తగ్గి సీట్లు కనిపిస్తున్నా ఇదే క్రియ, "సుఇతె ఇరు" అంటారు. ఆ బొమ్మ మనసులో పెట్టుకుంటే మళ్ళీ మర్చిపోరు.

బాసుతో, పెద్దవాళ్ళతో అయితే "ఒనక గ సుకిమషిత". స్నేహితులతో "హర హెత్త" అంటారు, కడుపు తరిగిపోయింది అన్నట్టు. ఇది వినడానికి కుర్రకారు భాష. అనిమే (జపనీస్ కార్టూన్లు) చూసి జపనీస్ నేర్చుకున్నవాళ్ళు ముందు పట్టుకునేది దీన్నే. మేనేజర్ ముందు వాడితే ఆయన ఏమీ అనడు, ఇంకొక విదేశీయుడిని చూసినట్టు చూసి ఊరుకుంటాడు.

బాగా ఆకలిగా ఉంటే "పెకొపెకొ". లోపలికి పీక్కుపోయిన రేకు డబ్బాని నొక్కితే వచ్చే శబ్దంలా ఉందా లేదా? మనం కడుపులో ఎలుకలు పరుగెడుతున్నాయి అంటాం, వాళ్ళు "హర నొ ముషి గ నకు" అంటారు, కడుపులోని పురుగు కూస్తోంది అని. మనది ఎలుక, వాళ్ళది పురుగు. మీటింగ్‌లో పొట్ట గుర్రుమంటే ఆ శబ్దం "గూ". అది అందరికీ వినిపిస్తుంది, ఎవరూ విననట్టే ఉంటారు.

కొంచెం ఆకలికి ప్రత్యేకంగా "కొబర గ సుఇత" అని ఉంది. కొబ్బరి కాదు, కొ అంటే చిన్న, బర అంటే కడుపు. సాయంత్రం నాలుగింటికి మిర్చి బజ్జీ బండి వైపు కాళ్ళు లాగే ఆకలి. నాకు చాలా నచ్చిన మాట ఇది, తెలుగులో దీనికి సరిగ్గా ఒక్క మాట దొరకలేదు. దానికి అక్క లాంటిది "బెత్సుబర", వేరే కడుపు. భోజనం పీకలదాకా తిన్నాక ఐస్‌క్రీమ్ కనిపించగానే "దానికి వేరే కడుపుంది" అంటారు.

కడుపు నిండితే "ఒనక ఇప్పై". ఎవరింట్లోనైనా ఇంకా వడ్డించబోతే "మో ఒనక ఇప్పై దెసు" అనండి, ఒక్కసారి అంటే చాలు, ఆపేస్తారు. మనింట్లోలాగా మూడుసార్లు బతిమాలతారని మొహమాటానికి వద్దంటే నిజంగానే తీసుకెళ్ళిపోతారు, మీరు పస్తుంటారు. అసలు ఈ దేశంలో "హర హచిబున్మె" అనే మాట చాలా పాతది, కడుపు పదింట ఎనిమిది వంతులే నింపమని. 1713లో కైబర ఎకికెన్ అనే పండితుడు 80 దాటిన వయసులో ఆరోగ్యం మీద రాసిన పుస్తకంలోనూ ఇదే ఉపదేశం. పెళ్ళిభోజనాలు తిని పెరిగిన నాకు ఆ మిగతా రెండు వంతులు వదలడం ఇప్పటికీ చేతకాలేదు.

3. నొప్పికి శబ్దం వెతకండి

అసలు పని ఇక్కడుంది. జపాన్‌లో డాక్టరు ఎలాంటి నొప్పి అని అడిగితే ఆయనకి కావాల్సింది విశేషణం కాదు, శబ్దం. ఈ జంట మాటలు పిల్లల భాష కాదు. 60 ఏళ్ళ ప్రొఫెసర్ కూడా వాటితోనే చెబుతాడు, డాక్టరు వాటితోనే రాసుకుంటాడు.

షికుషికు: సన్నగా, ఆగకుండా, లోలోపల నొస్తూ ఉండటం. గట్టిగా ఏడవకుండా మూల కూర్చుని వెక్కుతూ ఏడిస్తే దాన్నీ షికుషికు అనే అంటారు. కడుపు అలా ఏడుస్తోందనుకోండి. "సన్నగా నొస్తూనే ఉందండీ" అని మనవాళ్ళు చెప్పే రకం.

కిరికిరి: గుచ్చి మెలిపెట్టినట్టు. జపనీస్‌లో కిరి అంటే చెక్కకి బెజ్జం వేసే, మొన ఉన్న పనిముట్టు, అరచేతుల మధ్య పెట్టి తిప్పుతారు. ఆ మొన మిజొఒచిలో పెట్టి తిప్పినట్టు ఊహించుకుంటే అదే కిరికిరి. టెన్షన్‌తో కడుపు నొప్పి వచ్చేవాళ్ళు కూడా ఈ మాటే వాడతారు, ప్రాజెక్ట్ డెడ్‌లైన్ ముందు మా టీమ్‌లో సగంమందికి "ఇ గ కిరికిరి".

చికుచికు: సూదులు గుచ్చినట్టు, చురుకు చురుకుమని. జుకిజుకి: నాడి కొట్టుకున్నట్టు పోట్లు, ఇది తలకీ పంటికీ ఎక్కువ, కడుపుకి తక్కువ.

గొరొగొరొ: మన గుడగుడ. దీని సంగతే వేరు, ఉరుము ఉరిమినా గొరొగొరొ, ఒళ్ళో పడుకున్న పిల్లి గురగురమన్నా గొరొగొరొ, ఆదివారం పొద్దున్నుంచీ మంచం మీద అటూ ఇటూ దొర్లుతూ పనేమీ చేయకపోయినా గొరొగొరొ. "ఒనక గ గొరొగొరొ షిమసు" అన్నారంటే వినేవాడు వెంటనే బాత్రూమ్ ఎటుందో చూపిస్తాడు.

ముకముక: కడుపులో దేవుతోంది, తిప్పుతోంది, వికారంగా ఉంది. కోపంతో లోపల కుతకుతలాడుతున్నా ముకముకే. ఏదో అర్థం కావాలంటే ముందు చోటు చెప్పండి, "ఇ గ ముకముక షిమసు" అంటే వాంతి వచ్చేలా ఉందని, బాసు మీద కోపమని కాదు.

వాడటం తేలిక. నొప్పి అయితే శబ్దం తర్వాత "ఇతమిమసు" (నొస్తోంది), మిగతావాటికి "షిమసు". కిరికిరి ఇతమిమసు. గొరొగొరొ షిమసు. మనం గుడగుడలాడుతోంది, చురచురమంటోంది అని వెనక ఏదో ఒకటి తగిలించుకుంటాం కదా, అలాగే.

4. గ్యాస్ అనే మాటని పక్కన పెట్టేయండి

తెలుగువాళ్ళకి ఛాతీలో మంట వచ్చినా గ్యాసే, తేన్పులు వచ్చినా గ్యాసే, నడుం పట్టేసినా ఒక్కోసారి గ్యాసే. జపాన్‌లో "గసు" అంటే కింద నుంచి పోయేది, అంతే. కడుపు ఆపరేషన్ అయ్యాక నర్సు రోజూ వచ్చి "గసు వ దెమషిత క?" అని అడుగుతుంది, గాలి పోయిందా అని, పోతే పేగులు మళ్ళీ కదులుతున్నట్టు లెక్క. అలాంటి చోట మీరు గుండె మీద చెయ్యి పెట్టుకుని గసు, గసు అంటే ఎవరికీ ఏమీ అర్థం కాదు.

కాబట్టి విడదీయండి. తిన్నాక ఛాతీలో మంట "మునెయకె" (మునె అంటే రొమ్ము, యకె అంటే కాలడం). మనకి కడుపుమంట అంటే అసూయ కూడా, వాళ్ళ మునెయకెలో ఆ గొడవ లేదు. పులితేన్పులు, గొంతులోకి పులుపు ఎగదన్నడం "సుప్పై మొనొ గ అగత్తె కురు", పుల్లటిది పైకొస్తోంది. నూనె వస్తువులు తిన్న మర్నాడు కడుపు రాయిలా బరువుగా ఉండటం "ఇమొతరె", జీర్ణాశయం మీద ఏదో బరువు వాలినట్టు. పండగ మర్నాడు మా ఇంట్లో అందరిదీ ఇదే. ఉబ్బరం "ఒనక గ హరు", బిగుసుకుంది, డప్పుకి తోలు బిగించినట్టు. ఎక్కిళ్ళు "షక్కురి". నిజంగా గాలి పోతుంటే ఇంట్లో "ఒనర", డాక్టరు దగ్గర "గసు".

తేన్పు "గెప్పు". ఇది చిన్న మాటే కానీ ఒకరోజు చాలా అవసరం పడుతుంది. ఇక్కడ ఉద్యోగం చేసేవాళ్ళకి ఏడాదికోసారి ఆరోగ్య పరీక్ష చట్టప్రకారం తప్పనిసరి, వయసు 35 దాటాక చాలా కంపెనీల్లో బేరియం ఎక్స్‌రే కూడా ఉంటుంది. ముందు సోడాలా పొంగే పొడి కొంచెం నీళ్ళతో మింగిస్తారు, కడుపు బెలూన్‌లా ఉబ్బాలి. వెంటనే మైకులో "గెప్పు ఒ గమన్ షితె కుదసై" అని వినిపిస్తుంది, తేన్పు ఆపుకోండి అని. ఆ మాట తెలియక నేను హాయిగా ఒకటి వదిలాను. అద్దం వెనక నిశ్శబ్దం. ఇంకో ప్యాకెట్ పొడి తెచ్చిచ్చారు. ఆ తర్వాత గ్లాసుడు తెల్ల సున్నం లాంటి బేరియం తాగి, యంత్రం మీద తలకిందులుగా, పక్కకి, బోర్లా దొర్లుతూ పావుగంట తేన్పు ఆపుకున్నాను. పొడి ఎందుకు మింగించారో అప్పుడు బాగా తెలిసింది.

బేరియం వద్దనుకుంటే "ఇ కమెర", జీర్ణాశయం కెమెరా, అంటే ఎండోస్కోపీ. ఇంత సూటి పేరు ఎందుకంటే మొదట అది నిజంగానే కెమెరా. 1950లో ఒలింపస్ కంపెనీ ఇంజనీర్లూ, ఉజి తత్సురో అనే డాక్టరూ కలిసి గొట్టం చివర బుల్లి కెమెరా, బుల్లి ఫిల్మ్ పెట్టి కడుపులోకి దించారు. యంత్రం ఎంత మారినా పేరు మాత్రం అలాగే ఉండిపోయింది.

5. బాత్రూమ్ విషయాలు సిగ్గుపడకుండా

విరేచనాలు "గెరి". "క్యో వ గొకై గెరి ఒ షిమషిత", ఈ రోజు 5 సార్లు అయ్యాయి. నీళ్ళలా అయితే "మిజు నొ యోన గెరి". రక్తం పడితే "చి గ మజిత్తె ఇమసు", ఈ వాక్యం ఒకటి కాగితం మీద రాసుకుని పర్సులో పెట్టుకున్నా తప్పులేదు. మలబద్ధకం "బెన్పి".

డాక్టర్లూ నర్సులూ "ఒత్సూజి వ దో దెసు క?" అని అడుగుతారు. పాఠ్యపుస్తకాల్లో పెద్దగా కనపడని మాట, రాకపోకలు ఎలా ఉన్నాయన్నట్టు వినిపిస్తుంది. మోషన్ సరిగా అవుతోందా అని మర్యాదగా అడగడం అది. ఇక్కడ తల గోక్కుంటూ హై, హై అనేస్తారు మనవాళ్ళు.

వాంతి వచ్చేలా ఉంటే "హకికె గ షిమసు", అయిపోతే "హకిమషిత". ఫారం మీద వాంతిని "ఓతొ" అని రాస్తారు.

ఏదో తిని కడుపు పాడైతే "ఒనక ఒ కొవషిమషిత". మనం కడుపు పాడైంది అంటాం, తప్పు కడుపుది. వాళ్ళు కడుపుని పాడుచేశాను అంటారు, గ్లాసు పగలగొట్టాను అన్నట్టు, తప్పు నాది. ఫలానా తిండి దెబ్బకొట్టిందని చెప్పాలంటే "అతరు", తగలడం. పచ్చి ఆల్చిప్పలు (ఆయిస్టర్లు) తిని పడిపోతే "కకి ని అతత్త". లాటరీ తగిలినా ఇదే క్రియ! చలికాలం వాంతులూ విరేచనాలూ తెచ్చే నొరొ వైరస్ ఊరంతా తిరుగుతుంది, ఆల్చిప్పలకి చెడ్డపేరు ఎక్కువగా దానివల్లే. పచ్చి చేపలు, ముఖ్యంగా "సబ" అనే చేప తిన్న కొద్ది గంటలకి భరించలేని కిరికిరి మొదలైతే "అనిసకిసు" అనే సన్నటి పురుగు ఉండొచ్చు, జీర్ణాశయం గోడని కరిచి పట్టుకుంటుంది. దాన్ని ఆ ఇ కమెరతోనే పట్టి బయటికి లాగుతారు. అందుకే ఏం తిన్నారో, ఎప్పుడు తిన్నారో తప్పకుండా చెప్పండి.

6. అన్నీ కలిపి ఒక్క వాక్యం కట్టండి

ఎప్పటి నుంచి, ఎక్కడ, ఎలా. ఈ వరస తెలుగుదే, కొత్తగా ఏమీ నేర్చుకోనక్కర్లేదు.

"కినో నొ యొరు కర, కొకొ గ, కిరికిరి ఇతమిమసు." నిన్న రాత్రి నుంచి, ఇక్కడ, మెలిపెట్టినట్టు నొస్తోంది. కర అంటే నుంచి, మనలాగే మాట వెనకే వస్తుంది. "కెస కర" పొద్దుటి నుంచి, "మిక్క మఎ కర" మూడు రోజుల క్రితం నుంచి, మఎని మె అని మింగకండి.

ఇంకో రెండు ముక్కలు పట్టుకుంటే డాక్టరు పని సగం అయిపోతుంది. "తబెత అతొ" తిన్నాక నొప్పి, "ఒనక గ సుకు తొ" ఆకలైనప్పుడు నొప్పి. రెండోది చెబితే అల్సర్ ఉందేమో అని ఆలోచిస్తారు, కాబట్టి ఊరికే అనకండి, నిజమైతేనే అనండి.

ఎక్కడికి వెళ్ళాలి అంటే మామూలుగా "నైక", అంటే జనరల్ మెడిసిన్, కడుపుకే ప్రత్యేకం కావాలంటే "షోకకి నైక". షోక అంటే జీర్ణం, షోకకి అంటే జీర్ణావయవాలు. తమాషా ఏమిటంటే అపార్ట్‌మెంట్ వరండాల్లో ఎర్రగా వేలాడే మంటలార్పే సిలిండర్ పేరు కూడా షోకకి. రాత వేరు, పలుకు ఒకటే. జఠరాగ్ని అని కడుపులో మంట రగిలించుకున్న మనకి, జీర్ణమూ మంటలార్పడమూ ఒకేలా వినిపించే భాష దొరికింది.

7. మందు సంచి మీద మాటలు చదవండి

ఇక్కడ నేను చేసిన తప్పు మీరు చేయొద్దు. ఆ క్లినిక్‌లో రాసిచ్చిన పొడి మందు సంచి మీద "షొక్కన్" అని ఉంది. షొకు అంటే భోజనం, కన్ అంటే మధ్య. ఆహా అర్థమైందని సాంబారన్నం సగం తిని, స్పూన్ ఆపి, మందు వేసుకుని, మిగతా సగం పెరుగుతో తిన్నాను. మూడు రోజులు ఇలాగే, రోజుకి మూడుసార్లు, చాలా క్రమశిక్షణతో. మళ్ళీ ఫార్మసీకి వెళ్ళినప్పుడు అక్కడి ఆవిడ ఎలా వేసుకుంటున్నారని అడిగితే గొప్పగా చెప్పాను. ఆవిడ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని, తర్వాత చాలా మర్యాదగా వివరించింది. షొక్కన్ అంటే భోజనం మధ్యలో కాదు, ఒక భోజనానికీ ఇంకో భోజనానికీ మధ్యలో, తిన్న సుమారు 2 గంటలకి. జపనీస్ వాళ్ళలోనూ ఇలా పొరబడేవాళ్ళు ఉంటారని ఓదార్చింది కూడా.

"షొకుజెన్" తినే ముందు, "షొకుగొ" తిన్నాక అరగంటలోపు, "కూఫుకు" పరగడుపు, "తొంపుకు" అవసరమైనప్పుడు మాత్రమే.

చీటీ లేకుండా షాపులో కొనేవైతే, విరేచనాలు ఆపేది "గెరిదొమె", పేగుల్ని కుదుటపరిచేది "సెఇచోజై". జ్వరంతోనో రక్తంతోనో విరేచనాలు అవుతుంటే గెరిదొమె వేసుకుని బిగబట్టకండి, డాక్టరుకి చూపించండి. జపనీస్ ఇళ్ళల్లో ఎప్పుడూ కనిపించే గోధుమరంగు గోళీలు "సెఇరొగన్". మూత తీస్తే తారూ పొగా కలిసిన వాసన గదంతా పరుచుకుంటుంది. 1904-05 రష్యా యుద్ధకాలం నాటి మందు, అప్పట్లో పేరు రాసిన అక్షరాలకి రష్యాని జయించే గోళీ అని అర్థం, తర్వాత పలుకు అలాగే ఉంచి మొదటి అక్షరం మార్చేశారు. వాసన పడనివాళ్ళకి చక్కెర పూత వేసినవి ఉంటాయి, "తోఇ" అని అడగండి. ఇమొతరెకి నా ఓటు మాత్రం 1879 నుంచి ఉన్న "ఓత ఇసన్" పొడికి. అందులో దాల్చినచెక్క, సోంపు, లవంగం, జాజికాయ ఉంటాయి. డబ్బా తెరిస్తే బిర్యానీ మసాలా గుర్తొచ్చి సగం అజీర్ణం అక్కడే తగ్గినట్టుంటుంది, లేదా ఎక్కువవుతుంది.

తిండికి "ఒకయు", మన జావే. కన్వీనియన్స్ స్టోర్‌లో ప్యాకెట్‌గా దొరుకుతుంది, వేడి చేసుకుంటే చాలు. వాళ్ళు దాని మీద ఉప్పులో ఊరిన "ఉమెబొషి" పండు పెట్టుకుంటారు. మీ దగ్గర నిమ్మకాయ ఊరగాయ ఉంటే అదీ పనికొస్తుంది, కారం తక్కువదైతేనే.

8. ఆగలేనంతగా ఉంటే

నొప్పికి వంగిపోతున్నా, రక్తం కక్కినా, మలం తారులా నల్లగా ఉన్నా, ఛాతీ బిగుసుకుని చెమటలు పడుతున్నా గ్యాసేలే అని ఓమవాటర్ తాగుతూ కూర్చోకండి, 119కి ఫోన్ చేయండి. వెళ్ళాలో వద్దో తేల్చుకోలేకపోతే చాలా ప్రాంతాల్లో #7119లో సలహా ఇస్తారు, పిల్లలకి రాత్రిపూట #8000.

119లో అంబులెన్సూ ఫైరింజనూ రెండూ ఒక్క చోటే, కాబట్టి ఫోన్ ఎత్తగానే మీ పేరూ ఊరూ ఏమీ అడగరు. "కజి దెసు క, క్యూక్యూ దెసు క?" అంటారు. కజి అంటే అగ్నిప్రమాదం, క్యూక్యూ అంటే అత్యవసర వైద్యం. "క్యూక్యూ దెసు" అని చెప్పి, అడ్రసు చెప్పండి. కడుపు ఎంత మండిపోతున్నా సరే, కజి మాత్రం అనకండి.